మన దస్తూరి ఎవరి చేతిలో ఉంది?

తెలుగు వ్రాయడానికి తెలుగు వస్తే చాలదు, ఇంగ్లీషు అక్షరాలు కూడా వచ్చి తీరాలి. వినడానికి వింతగా ఉన్నా, కంప్యూటరు ముందు కూర్చున్న తెలుగువాడి స్థితి చాలాకాలంగా ఇదే. 'అమ్మ' అని వ్రాయదలచినవాడు ముందు 'ఏ' మీట నొక్కాలి, తరువాత 'ఎమ్' మీట రెండుమార్లు నొక్కాలి, మళ్ళీ 'ఏ' దగ్గరకు రావాలి. అప్పుడు యంత్రం దయదలచి దాన్ని తెలుగు చేస్తుంది. మాతృభాషలో తల్లిని పిలవడానికి పరభాష పూచీకత్తు!

లేఖిని, బరహ వంటి పరికరాలను తక్కువచేసి మాట్లాడడం నా ఉద్దేశం కాదు. అవి లేకపోతే యూనికోడు తెలుగులో ఇంత వాఙ్మయం పోగుపడేది కాదు. ఈ నాలుగు మాటలు చదివే మిత్రులలో చాలామంది వాటితోనే అక్షరాభ్యాసం చేశారు. అవి ఇంగ్లీషు చదువుకొన్నవారికి వంతెన వేశాయి. ఇంగ్లీషు రాని తెలుగువారికి మాత్రం ఏటి ఒడ్డున వదలిపెట్టాయి. ఇన్‌స్క్రిప్టు పలక ఒకటి ఉన్నదంటారా, ఉన్నది. దాన్ని పిల్లలకు నేర్పే బడి ఎక్కడున్నదో చూపించండి.

మా నర్సీపట్నంలో ఉత్తరం ముక్క పొందికగా వ్రాయగల పెద్దలు ఎందరో ఉన్నారు. గుండ్రని అక్షరాలు, దీర్ఘాలు తప్పవు, వత్తులు తప్పవు. వారి చేతికి ఫోను ఇస్తే నిరక్షరాస్యులవుతారు. ఈ అవమానం వారిది కాదు, యంత్రానిది. మనిషి వ్రాసినదాన్ని చదవడం యంత్రం నేర్చుకోవాలి. అలా చదివే విద్య మన తెలుగుకు ఉమ్మడి సొత్తుగా ఉండాలి. నా వాదమంతా ఈ రెండు వాక్యాలే. మొదటిదానితో చాలామంది ఏకీభవిస్తారు. రెండోదాని దగ్గరే పేచీ.

ముందుగా విషయం కొంత చెప్పుకొందాం. తెరమీద వేలితోగాని కలంతోగాని గీసిన గీతను 'డిజిటల్ ఇంకు' అంటున్నారు. కాగితం మీది వ్రాతను ఫోటో తీసినట్లు కాదిది. ఫోటోలో అక్షరం పూర్తయిన రూపం మాత్రమే ఉంటుంది. ఈ సిరాలో అక్షరం పుట్టిన క్రమం కూడా ఉంటుంది: కలం ఎక్కడ ఆనింది, ఎటు తిరిగింది, ఎక్కడ ఎత్తారు, మళ్ళీ ఎక్కడ మొదలుపెట్టారు. ఇవన్నీ వరుస బిందువులుగా, వేళతో సహా నమోదవుతాయి. ఆ బిందువులను చూసి ఇది 'క', ఇది 'కి' అని నిర్ణయించే సాఫ్టువేరే చేతివ్రాత గుర్తింపు. దాన్ని ఒక్కొక్క ప్రోగ్రాము మళ్ళీ మళ్ళీ మొదటినుంచి కట్టుకోనక్కరలేకుండా, అందరూ అరువు తెచ్చుకొని వాడుకొనే పనిముట్ల పెట్టెగా తయారుచేస్తే దానిని లైబ్రరీ అంటారు. పుస్తకాల గదికీ దానికీ ఒక పోలిక మాత్రం ఉంది. అది అందరిదీ అయినప్పుడే దాని ప్రయోజనం.

అది పనిచేసే తీరు తెలుగు మేష్టర్లకు సుపరిచితమే. నలభై పుస్తకాలు దిద్దేటప్పుడు నలభై రకాల 'జ'లు కనబడతాయి. ఒకడు పెద్దదిగా వ్రాస్తాడు, ఒకడు ఇరికిస్తాడు, మరొకడు పడుకోబెడతాడు. ఆ భేదాలను పక్కనపెట్టి అక్షరతత్త్వాన్ని పట్టుకొంటాం. యంత్రమూ అంతే. ముందు అన్ని అక్షరాలనూ ఒకే కొలతకు తెస్తుంది, వణుకును సవరిస్తుంది, బిందువులను సమదూరంలో పేరుస్తుంది. ఆపైన తాను అంతకుముందు చూసిన నమూనాలతో పోలుస్తుంది. కొత్త పద్ధతులలో నాడీజాలాలు వచ్చాయి. పద్ధతి ఏదైనా మూలధనం ఒక్కటే, నమూనాలు. ఎవరి చేతివ్రాత చూసి నేర్చుకొంటే వారి చేతివ్రాతనే అది బాగా చదువుతుంది.

ఈ విద్య ఎలా నడిచిందో చూడండి. 1993లో వచ్చిన ఆపిల్ వారి న్యూటన్ మనిషి వ్రాతను చదవబోయి నవ్వులపాలయింది. 1996లో పామ్ వారు మరో దారి తొక్కారు. గ్రాఫిటీ పేరిట ఇంగ్లీషు అక్షరాలనే యంత్రానికి వీలుగా మార్చి, మనుషులు అలాగే గీయాలన్నారు. యంత్రం వంగకపోతే మనిషి వంగాలి! లిప్యంతరీకరణ పేరుతో మనం చేస్తున్నదీ ఆ వంగడమే. కాకపోతే వారు తమ అక్షరం వంపు మార్చుకొన్నారు, మనం అక్షరాన్నే మార్చుకొన్నాం.

భారతీయ లిపుల విషయంలో చెప్పుకోదగిన ప్రయత్నం బెంగళూరులోని హెచ్‌పీ పరిశోధనశాలలో జరిగింది. 2006లో వారు 'లిపి టూల్‌కిట్' పేరుతో చేతివ్రాత గుర్తింపు లైబ్రరీని మూలంతో సహా బహిరంగంగా విడుదల చేశారు. ఎవరైనా తెచ్చుకోవచ్చు, విప్పి చూడవచ్చు, తమ లిపికి తగినట్లు తర్ఫీదు ఇచ్చుకోవచ్చు. తమిళం, దేవనాగరి, తెలుగు అక్షరాల నమూనాలనూ వారు సేకరించి పరిశోధకులకు అందించారు. తెలుగులో 166 గుర్తులు, ఒక్కొక్కదానికి సుమారు 270 నమూనాలు. ఆ పరిశోధనశాలవారే గుణింతాల కిటుకు తెలిసి ఒక పలకను కూడా తయారుచేశారు. పలకమీద హల్లు అచ్చువేసి ఉంటుంది, దానిమీద కలంతో గుడో కొమ్మో గీస్తే గుణింతం అవుతుంది. మన బాలశిక్ష చదివినవాడెవడో ఆలోచించి ఉంటాడనిపిస్తుంది. అదే 2006లో మద్రాసు ఐఐటీవారు దేవనాగరి, తెలుగు అక్షరాల గుర్తింపుపై పరిశోధన ప్రకటించారు. ఆ ఏడాదే తమిళ అక్షరాల గుర్తింపులో అంతర్జాతీయ స్థాయి పోటీ జరిగింది. 2011లో డిజిటల్ సిరాను భద్రపరచే 'ఇంక్ ఎమ్మెల్' అనే ప్రమాణాన్ని డబ్ల్యూ త్రీ సీ ఆమోదించింది. దాన్ని రూపొందించినవారిలో ఆ బెంగళూరు పరిశోధనశాల వారికీ చోటుంది.

అంటే దారి వేశారు, పనిముట్లు ఇచ్చారు, విత్తనాలూ ఇచ్చారు. నీరు పోసినవాడు లేడు. లిపి టూల్‌కిట్‌లో కొత్త పని ఆగిపోయి చాలా ఏళ్ళయింది. ఖాళీగా ఉన్న ఆ చోటికి పెద్ద సంస్థ వచ్చింది. 2015లో గూగుల్ వారు 82 భాషలకు చేతివ్రాత పలకను ఫోనులో పెట్టారు. 2020లో ఇతర ప్రోగ్రాములు వాడుకొనేందుకు డిజిటల్ సిరా గుర్తింపు లైబ్రరీని విడుదల చేశారు. మూడువందలకు పైగా భాషలు, అందులో తెలుగు ఒకటి. ఒకసారి దించుకొంటే ఇంటర్నెట్ లేకున్నా ఫోనులోనే చదువుతుంది. రొక్కం అడగదు.

"మరి ఇంకేం కావాలి పంతులుగారూ?" అంటారు మిత్రులు. "ఉచితంగా ఇచ్చారు, పని చేస్తోంది, వాడుకోక ఈ రుసరుస ఎందుకు?"

వాడుకోవద్దని నేననలేదు. ఇచ్చినవారికి కృతజ్ఞత చెప్పడమూ ధర్మమే. అయితే ఉచితం వేరు, సొంతం వేరు. ఆ పెట్టెకు తాళం ఉంది. మనం గీత ఇస్తాం, అది మాటల జాబితా ఇస్తుంది. మధ్యలో ఏ నమూనాలు చూసి ఏ నిర్ణయం చేసిందో తెరచి చూడలేం. తప్పు చదివితే దిద్ది నేర్పలేం. కొత్త గుర్తు చేర్చలేం. రేపు వారు వద్దనుకొంటే మనం చేయగలిగింది విచారించడం మాత్రమే. ఏ సంస్థ మీదా నింద కాదిది. ఎవరి వ్యాపారం వారిది. మన అక్షరం మన వ్యాపారం కాకపోవడమే నా ఫిర్యాదు.

దిద్దలేకపోవడం వల్ల వచ్చే నష్టం ఏమిటో రెండు ఉదాహరణలతో చెబుతాను.

మొదటిది వలపలగిలక. 'ధర్మము' అనే మాటను పాత తరంవారు 'ధమ౯ము' అని వ్రాస్తారు. ఉచ్చారణలో రేఫ ముందు, మకారం తరువాత. యూనికోడు దాచుకొనేదీ ఆ వరుసలోనే. కలం మాత్రం మకారాన్ని ముందు గీసి, గిలకను తరువాత పెడుతుంది. ఈ సంగతి నేర్పని యంత్రానికి ఆ గిలక తొమ్మిది అంకెలా కనబడవచ్చు, నకారప్పొల్లులా కనబడవచ్చు. ఆ నకారప్పొల్లుకైనా యూనికోడులో సొంత స్థానం 2021లో గాని రాలేదు. ఇక 'ద' అడుగున చిన్న గీత గీస్తే 'ధ', దాని కడుపులో చుక్క పెడితే 'థ'. వణుకు సవరించే అత్యుత్సాహంలో ఆ చుక్కను మరకగా ఎంచి చెరిపితే 'కథ' కాస్తా 'కధ' అయి కూర్చుంటుంది. 'క'కు తలకట్టు ఉంటుంది. 'కి' వ్రాసేటప్పుడు తలకట్టు పోయి దాని చోట గుడి వస్తుంది. కొందరు తలకట్టు ముందు గీసి కిందికి దిగుతారు, కొందరు ఒళ్ళంతా వ్రాసి చివరికి తలకట్టు పెడతారు. ఈ భేదాలు తెలిసినవారు తెలుగు పండితులు, ప్రాథమిక పాఠశాల ఉపాధ్యాయులు. తాళం వేసిన పెట్టెకు వీరి తెలివి చేరే మార్గమేదీ?

రెండో ఉదాహరణ ఇంతకన్నా గంభీరమైనది. ఇటువంటి యంత్రాలు అక్షరాలను మాత్రమే చూసి ఊరుకోవు. ఏ మాట తరువాత ఏ మాట వస్తుందో కూడా నేర్చుకొని ఉంటాయి. గీత అస్పష్టంగా ఉంటే తమకు తెలిసిన మాటవైపు మొగ్గుతాయి. పత్రికల తెలుగు వ్రాసేవాడికి ఇది ఉపకారమే. మా విశాఖ మాండలికం వ్రాసేవాడికి అపకారం. ఒక ఫోనులో 'బేగి రా' అని గీశాను. 'వేగిరా' అని చదివింది. మూడుసార్లు గీశాను, మూడుసార్లూ నన్ను సంస్కరించింది. 'బేగి' అనేది మా సీమలో త్వరగా అన్నమాట. తల్లి బిడ్డను రోజుకు పదిసార్లు పిలిచే మాట. దానికి అది తెలియదు గనుక ఆ మాట లేదని తీర్పు చెప్పింది.

పండితులు గ్రాంథికమే భాష అని పట్టుబట్టిన రోజుల్లో గిడుగు రామమూర్తిగారు మా ఉత్తరాంధ్ర నుంచే నిలబడి, ప్రజలు మాట్లాడేదే భాష అని పోరాడారు. సవరలకు వారి భాషలోనే బడులు పెట్టి వాచకాలు వ్రాసినవారాయన. అలనాటి పండితుడితో వాదించడానికి ఆయనకు సభలు ఉండేవి, పత్రికలు ఉండేవి. ఈ కొత్త గ్రాంథికవాదితో వాదించడానికి నోరే లేదు. అది తప్పు దిద్దుతున్నట్లు కూడా చెప్పదు, మెల్లగా మార్చి ఊరుకొంటుంది.

మా ఊరు దాటి పైకి ఎక్కితే చింతపల్లి మన్యం. అక్కడి పిల్లలలో కువి, ఆదివాసీ ఒరియా ఇంటిభాషగా గలవారున్నారు. 2004లో మొదలైన బహుభాషా విద్యా కార్యక్రమం కింద ఎనిమిది గిరిజన భాషలకు తెలుగు లిపిలోనే వాచకాలు వచ్చాయి. అంటే తెలుగు లిపి ఒక్క తెలుగుభాష సొత్తు కూడా కాదు. కువి మాటను తెలుగు అక్షరాలతో గీసే పిల్లవాడికి తెలుగు మాటలవైపు లాగే యంత్రం ఎందుకు పనికివస్తుంది? మూలం చేతిలో ఉంటే ఆ మాటల మొగ్గును తీసివేయవచ్చు, అక్షరాన్ని అక్షరంగా చదివించవచ్చు, కువి మాటలనే నేర్పవచ్చు. మూలం చేతిలో లేనివాడు అర్జీ పెట్టుకోవాలి.

ఇక రెండు ఆక్షేపణలకు సమాధానం చెప్పాలి.

"మాట్లాడితే యంత్రమే వ్రాస్తోంది, ఇంకా గీయడం ఎందుకు?" అనేది మొదటిది. చెప్పి వ్రాయించడం మంచి సదుపాయమే. అయితే బస్సులో పదిమంది మధ్య సొంత విషయం చెప్పి వ్రాయిస్తారా? ఆసుపత్రి వరండాలో? శ, ష, స లను ఒకేలా పలికేవారి మాటలో ఏది ఏదో చెవికి తెలియదు, చేతికి తెలుస్తుంది. పైగా నోటితో చెప్పేటప్పుడు నడిచే ఆలోచన వేరు, చేత్తో వ్రాసేటప్పుడు నడిచే ఆలోచన వేరు. పద్యం కట్టినవారెవరైనా దీనికి సాక్ష్యం చెబుతారు.

"ఇప్పుడు చేత్తో వ్రాసేవారెవరు?" అనేది రెండోది. తెలుగునాట బడికి వెళ్ళే ప్రతి పిల్లవాడూ వ్రాస్తున్నాడు. పదోతరగతి తెలుగు పరీక్ష ఈనాటికీ కలంతోనే సాగుతోంది. అర్జీలు, పద్దులు, పెళ్ళి కట్నాల చదివింపుల జాబితాలు చేతివ్రాతలోనే ఉన్నాయి. నిజంగానే వ్రాసేవారు తగ్గిపోతున్నారనుకొన్నా, ఆ మాట నా వాదానికే బలం. వలపలగిలక పెట్టే చేతులు, అరసున్న మరవని చేతులు ఇప్పుడున్నన్ని ఇరవై ఏళ్ళ తరువాత ఉండవు. నమూనా సేకరించదలిస్తే ఇదే సమయం.

నమూనాల సంగతి ఇప్పుడెంత పలచగా ఉందో చెబితే ఆశ్చర్యపోతారు. కాగితం మీది చేతివ్రాతను చదివించడానికి 2018లో హైదరాబాదు ట్రిపుల్ ఐటీవారు తెలుగు పదచిత్రాల సేకరణ ఒకటి ప్రకటించారు. లక్షకు పైగా పదాలు, మెచ్చుకోవలసిన శ్రమ. వ్రాసినవారు మాత్రం 11 మంది. శ్రీకాకుళం నుంచి చిత్తూరు దాకా, ఆదిలాబాదు నుంచి ఖమ్మం దాకా, ఆపైన బళ్ళారి, హోసూరు, బరంపురం తెలుగువారి చేతులన్నిటికీ పదకొండుమంది ప్రతినిధులా? వారిని తప్పుపట్టను. అంతమందినే పోగుచేయగల స్థితిలో వారిని వదలివేసిన సమాజాన్ని తప్పుపడుతున్నాను.

కనుక చేయవలసిన పని ఇది. తెలుగు చేతివ్రాతలకు ఒక బహిరంగ భాండాగారం కావాలి. తెరమీద గీసిన గీతలను, కలం నడిచిన వరుసతో సహా, ఇంక్ ఎమ్మెల్ వంటి బహిరంగ ప్రమాణంలో దాచాలి. జిల్లాకు కొన్ని బడులు, ఒక ఉపాధ్యాయ శిక్షణ కళాశాల, ఒక వృద్ధుల కూటమి చాలు. విడి అక్షరాలు, గుణింతాలు, సంయుక్తాక్షరాలు, ఆపైన ఎవరి ఇంటిమాట వారు వ్రాసిన వాక్యాలు సేకరించాలి. ఎడమచేతి వాటంవారిని, వణికే చేతులవారిని, ఇప్పుడిప్పుడే దిద్దుతున్న పిల్లలను వదలకూడదు. వ్రాసినవారి అనుమతి, పిల్లలైతే తల్లిదండ్రుల అనుమతి తప్పనిసరి. పేరు, సంతకం పుచ్చుకోరాదు. వయస్సు, జిల్లా చాలు. అన్నిటికంటె ముఖ్యమైన నియమం ఒకటుంది. ఏమి వ్రాశారో అదే నమోదు చేయాలి, ఏమి వ్రాసి ఉండవలసిందో కాదు. 'బేగి' అంటే 'బేగి'. మా పండితులకు ఈ నియమం కష్టమే. చేతిలో ఎర్రసిరా కలం లేకుండా కూర్చోవడం అలవాటు లేదు. అయినా తప్పదు.

ఆ భాండాగారాన్ని ఎవరైనా వాడుకొనే లైసెన్సుతో ఇవ్వాలి. గూగుల్ వారూ వాడుకోవచ్చు, ఊళ్ళో ఇంజినీరింగు చదివే కుర్రవాడూ వాడుకోవచ్చు. నాకు పెద్ద సంస్థలమీద పగ లేదు. వారొక్కరికే తెలిసిన విద్యగా అది మిగలకూడదని మాత్రమే నా పట్టు.

దీనికి ప్రభుత్వమే రావాలని కూర్చుంటే మనం కూర్చునే ఉంటాం. యూనికోడు తెలుగుకు కీబోర్డులు తయారుచేసినదీ, తెలుగు వికీపీడియాను వేల వ్యాసాలతో నింపినదీ ఎవరు? ఉద్యోగాలు చేసుకొంటూ, రాత్రిళ్ళు మేలుకొని, పైసా ఆశించని వారే. ప్రోగ్రాములు వ్రాయగలవారు గీతలు సేకరించే పలక ఒకటి తయారుచేయండి. లిపి టూల్‌కిట్ మూలం ఇప్పటికీ దొరుకుతుంది. దాన్ని దులపండి, లేదా కొత్త పద్ధతిలో మరొకటి కట్టండి. బోధించినవారు, బోధిస్తున్నవారు నమూనాలు పోగుచేయండి, ఒక్కొక్కదానికీ సరైన పేరు పెట్టండి. ఏది 'ఘ', ఏది కాలు జారిన 'ప' అన్నది పాతికేళ్ళు పుస్తకాలు దిద్దిన కంటికి తెలిసినట్లు మరెవరికీ తెలియదు. ఆ కళ్ళు చాలామటుకు పదవీవిరమణ చేసి ఇళ్ళలో ఖాళీగా ఉన్నాయి.

నర్సీపట్నంలో ఆ పని చేసిపెట్టడానికి నేను సిద్ధం. పలక తయారైతే ఈ వేసవి సెలవులలోనే వందమంది చేతివ్రాతలు సేకరించగలను. ఇంగ్లీషు మీటలే చాలునని ఇంకా వాదించదలచినవారికీ స్వాగతం. ఒక్క షరతు: ఆ వాదాన్ని ఇంగ్లీషు రాని మీ అమ్మమ్మగారికి ముందు వినిపించి, ఆవిడ ఒప్పుకొన్నాక రండి.